డొనోస్టియాలో సైకాలజీ పీహెచ్‌డీ నుంచి రెక్టర్ కుర్చీ దాకా: మెట్లెన్ని, ఎక్కడ జారతారు?

మీరు అడిగింది క్లుప్తంగా ఇదీ: ఇక్కడ ఎం.ఏ. సైకాలజీ పూర్తిచేసి, స్పెయిన్ ఉత్తరాన బాస్క్ ప్రాంతంలోని డొనోస్టియాలో (మనవాళ్ళు సాన్ సెబాస్టియన్ అంటారు) పీహెచ్‌డీకి దరఖాస్తు పెడుతున్నారు. అక్కడి యూనివర్సిటీకి నెకానే బయువేర్కా అనే సైకాలజిస్ట్ రెక్టర్‌గా చేశారని చదివారు. పరిశోధన నుంచి ఆ స్థాయికి దారి ఎలా ఉంటుంది, ఎన్నేళ్ళు పడుతుంది, బాస్క్ భాష రాకపోతే కుదరదా అని మీ సందేహం.

ముందు సూటిగా జవాబు. పీహెచ్‌డీ మొదటి రోజు నుంచి లెక్కేస్తే ఇరవై, పాతికేళ్ళ దారి. అక్కడ రెక్టర్‌ని ఎవరూ వేయరు. యూనివర్సిటీ జనమే ఓటేసి ఎన్నుకుంటారు. అలా నిలబడాలంటే ముందు పరిశోధన లెక్క గట్టిగా తేలి ఉండాలి (ఫుల్ ప్రొఫెసరై తీరాలన్న షరతు 2023 దాకా ఉండేది). పీహెచ్‌డీకి బాస్క్ భాష అక్కర్లేదు. పక్కా ఉద్యోగానికి దాదాపు కావాలి, పాలనలోకి వెళ్ళాలంటే తప్పదు. ఇంకో మాట: సైకాలజీలో ఏ శాఖ ఎంచుకుంటారన్నది మీరనుకుంటున్న దానికన్నా ముఖ్యం. ఆవిడ విషయంలో నేర్చుకోవాల్సింది కూడా నా లెక్కలో అదే. దాని గురించి కింద కాస్త ఎక్కువే రాస్తాను.

రెక్టర్ అంటే మన రిజిస్ట్రారూ కాదు, మన రెక్టరూ కాదు. మన రాష్ట్ర విశ్వవిద్యాలయాల్లో రెక్టర్ అంటే వీసీ కింద ఉండే పదవి. స్పెయిన్‌లో రెక్టరే యూనివర్సిటీకి తల, అంటే మన వీసీ. వీసీకి మన దగ్గర సెర్చ్ కమిటీ కూర్చుని ప్యానెల్ పంపుతుంది, పైనుంచి ఒకరిని ఎంపిక చేస్తారు. అక్కడ 2001 నాటి విశ్వవిద్యాలయ చట్టంతో ప్రత్యక్ష ఎన్నిక వచ్చింది, బాస్క్ యూనివర్సిటీలో జరిగేదీ అదే. ప్రభుత్వం చేసేది ఎన్నికైనవారిని లాంఛనంగా నియమించడమే. కాబట్టి "పైవాళ్ళకి తెలిసినవాడై ఉండాలి" అన్న మన అంచనా అక్కడ పనిచేయదు. వెయ్యి మంది సహోద్యోగులకు, మూడు క్యాంపస్‌ల ఉద్యోగులకు, విద్యార్థులకు తెలిసి ఉండాలి.

బయువేర్కా గురించి కావలసినంత: 1966లో డొనోస్టియాలోనే పుట్టారు. బాస్క్ యూనివర్సిటీలో (అక్కడి వాడుకలో యూపీవీ-ఈహెచ్‌యూ) ప్రవర్తనా శాస్త్రాల పరిశోధనా పద్ధతులకు ఫుల్ ప్రొఫెసర్. 2017 జనవరి నుంచి 2021 జనవరి దాకా రెక్టర్, ఆ యూనివర్సిటీకి తొలి మహిళా రెక్టర్. బాధ్యత తీసుకునేనాటికి వయసు యాభై. ఈ యాభై అన్న అంకె గుర్తుపెట్టుకోండి, అది మామూలే అక్కడ.

ఇక మెట్లు.

మొదటిది డాక్టరేట్. ప్రవేశానికి డిగ్రీ, మాస్టర్స్ కలిపి 300 యూరోపియన్ క్రెడిట్లకు సమానమైన చదువు ఉండాలి, అందులో కనీసం 60 మాస్టర్స్ స్థాయివి. మన మూడేళ్ళు ప్లస్ రెండేళ్ళు దీనికి సాధారణంగా సరిపోతుంది. గడువు 2011 నాటి నిబంధనలో పూర్తికాలానికి మూడేళ్ళు ఉండేది, 2023లో నాలుగేళ్ళు చేశారు. పార్ట్‌టైమ్ అయితే ఏడు. జీతంతో చేయాలంటే మూడు దారులున్నాయి: మాడ్రిడ్ మంత్రిత్వశాఖ ఫెలోషిప్, బాస్క్ ప్రభుత్వ ప్రీ-డాక్టరల్ కార్యక్రమం, యూనివర్సిటీ సొంత కాంట్రాక్టు. మూడింటి గడువులూ వేరు, మూడింటికీ గైడ్ పేరు ముందే ఖాయమై ఉండాలి. నోటిఫికేషన్ వచ్చాక గైడ్‌ని వెతకడం మొదలుపెడితే ఆ ఏడాది పోయినట్టే.

థీసిస్‌కి "అంతర్జాతీయ" గుర్తింపు తెచ్చుకోండి. దానికి స్పెయిన్ బయట కనీసం మూడు నెలలు ఒక సంస్థలో పనిచేయాలి. థీసిస్‌లో కొంత భాగం, కనీసం సారాంశమూ ముగింపూ, వేరే శాస్త్రభాషలో ఉండాలి. ఇద్దరు విదేశీ నిపుణుల నివేదికలు కావాలి, పరీక్షక మండలిలో ఒకరు విదేశీ సంస్థవారు ఉండాలి. చాలామంది మూడు నెలలూ పూర్తిచేసి, తేదీలతో సంతకం చేసిన ధ్రువపత్రం తెచ్చుకోవడం మరిచిపోతారు. రెండేళ్ళ తరవాత ఈమెయిళ్ళు పెట్టుకుంటూ కూర్చుంటారు.

రెండోది డాక్టరేట్ తరవాతి తాత్కాలిక దశ. 2023 విశ్వవిద్యాలయ చట్టం ప్రకారం డాక్టర్ సహాయక అధ్యాపక కాంట్రాక్టు ఆరేళ్ళు. పాత రోజుల్లో దీనికి ముందే అధ్యాపకుల అర్హత తేల్చే ఏజెన్సీ గుర్తింపు కావలసి వచ్చేది, ఇప్పుడు అక్కర్లేదు. బోధన ఏడాదికి 180 గంటలకు మించకూడదు. దీనికి సమాంతరంగా పోటీ ఫెలోషిప్‌లున్నాయి: స్పెయిన్ ప్రభుత్వపు రామోన్ ఇ కహాల్ ఐదేళ్ళు, బాస్క్ ప్రభుత్వం 2007లో పెట్టిన ఇకర్‌బాస్క్ ఫౌండేషన్‌వి మరికొన్ని. యూరోపియన్ యూనియన్ ఇచ్చే మరీ క్యూరీ పోస్ట్‌డాక్‌కి వెళ్ళాలనుకుంటే ఒక మెలిక ఉంది. దరఖాస్తు గడువుకి ముందు 36 నెలల్లో, వెళ్ళబోయే దేశంలో 12 నెలలకు మించి ఉండకూడదు. డొనోస్టియాలో పీహెచ్‌డీ చేసినవారు అదే ఫెలోషిప్‌తో అక్కడే ఉండిపోదామంటే కుదరదన్నమాట.

మూడోది పక్కా ఉద్యోగం. ఇక్కడ రెండు పట్టాలు సమాంతరంగా నడుస్తాయి. ఒకటి ప్రభుత్వోద్యోగి పట్టా: టిటులర్ (ఫుల్ ప్రొఫెసర్‌కి కింది మెట్టు), ఆపైన కతెద్రాతికో, అంటే ఫుల్ ప్రొఫెసర్. రెండోది కార్మిక చట్టం కింద శాశ్వత కాంట్రాక్టు. 2004 నాటి బాస్క్ విశ్వవిద్యాలయ చట్టంలో దీనికి అగ్రెగాదో, ప్లేనో అని రెండు స్థాయిలున్నాయి. మొదటి పట్టాకి గుర్తింపు ఇచ్చేది మాడ్రిడ్‌లోని జాతీయ ఏజెన్సీ, పేరు అనేకా. (అడిగే కాగితాలు కూడా అనేకమే.) రెండోదానికి బాస్క్ ఏజెన్సీ యూనిబాస్క్, విటోరియాలో ఉంటుంది. గుర్తింపు వచ్చినంత మాత్రాన ఉద్యోగం వచ్చినట్టు కాదు. అది పోటీలో నిలబడే అర్హత మాత్రమే. తరవాత యూనివర్సిటీ పోస్టు ప్రకటించాలి, బయటివారే ఎక్కువమంది ఉండే ఎంపిక మండలి ముందు నిలబడాలి.

మీరు భారత పౌరులు కాబట్టి ఈ పట్టాల తేడా మీకు ప్రాణం. ప్రభుత్వోద్యోగి పట్టాకి స్పెయిన్ లేదా యూరోపియన్ యూనియన్ పౌరసత్వం కావాలి, లేదా అలాంటివారి కుటుంబ సభ్యులై ఉండాలి. కార్మిక పట్టాకి చట్టబద్ధ నివాసం చాలు. స్పెయిన్ పౌరసత్వానికి మనవాళ్ళు పదేళ్ళు ఉండాలి (లాటిన్ అమెరికా వాళ్ళకి రెండేళ్ళే), పైగా మన దేశం ద్వంద్వ పౌరసత్వం ఒప్పుకోదు. అందుకని మీ తొలి లక్ష్యం అగ్రెగాదో అని రాసుకోండి. టిటులర్ గురించి పదేళ్ళ తరవాత ఆలోచించవచ్చు.

ఇప్పుడు సెక్సేనియో గురించి. ఇది అర్థం కాకపోతే ఆ దేశంలో పరిశోధకుల జీవితం అర్థం కాదు. 1989లో పెట్టిన పద్ధతి. ఆరేళ్ళ పరిశోధనని ఒక ముక్కగా తీసుకుని, అందులోంచి మీకు మీరే ఐదు రచనలు ఎంచి పంపాలి. పదికి ఆరు వస్తే ఆ ముక్క పాసు. పాసైతే జీతంలో శాశ్వత పెంపు. ఒక జీవితంలో గరిష్ఠంగా ఆరు. బోధనకి ఇలాగే ఐదేళ్ళ ముక్కలుంటాయి, అవి చాలామందికి వచ్చేస్తాయి. సెక్సేనియోలు అలా రావు. డబ్బు సంగతి అటుంచితే, థీసిస్‌కి గైడ్‌గా ఉండాలన్నా, ఎంపిక మండలిలో కూర్చోవాలన్నా, పై గుర్తింపుకి వెళ్ళాలన్నా "ఎన్ని ముక్కలున్నాయి?" అనే అడుగుతారు.

సైకాలజీ ఏడో రంగంలో వస్తుంది: సామాజిక, రాజకీయ, ప్రవర్తనా, విద్యా శాస్త్రాలు. ఒకప్పుడు పత్రిక ఏ క్వార్టైల్‌లో (తన రంగం ర్యాంకుల్లో ఏ పావు భాగంలో) ఉందో చూసి తేల్చేసేవారు. 2023 నుంచి ధోరణి మారింది. ప్రతి రచనకీ అది ఎందుకు విలువైనదో వివరణ రాయాలి, రచనని బహిరంగ భాండాగారంలో ఉంచాలి. ఆ యూనివర్సిటీ భాండాగారం పేరు అద్ది. ఇక్కడ జరిగే పొరపాటు ఎప్పుడూ ఒకటే. వ్యాసం అచ్చైన రోజు రచయిత ప్రతిని అద్దిలో పెట్టరు. ఐదేళ్ళకి వెతికితే ప్రచురణకర్త పంపిన తుది పీడీఎఫ్ ఒక్కటే మిగులుతుంది, దాన్ని బహిరంగంగా పెట్టడానికి హక్కు ఉండదు. వ్యాసం అంగీకారం వచ్చిన రోజే ఆ వర్డ్ ఫైలుని తేదీ పేరుతో విడిగా దాచుకోండి.

ఏ శాఖ ఎంచుకోవాలి? స్పెయిన్‌లో సైకాలజీ అధ్యాపక పోస్టులు ఆరు విద్యారంగాల కింద వస్తాయి: పరిశోధనా పద్ధతులు, వ్యక్తిత్వం-అంచనా-చికిత్స, సైకోబయాలజీ, ప్రాథమిక సైకాలజీ, వికాస-విద్యా సైకాలజీ, సామాజిక సైకాలజీ. విద్యార్థులు ఎగబడేది చికిత్స వైపు. బయువేర్కాది మొదటి రంగం, ఎవరికీ ఇష్టం లేని గణాంకాల రంగం. నా అభిప్రాయం అడిగితే, పరిశోధన నుంచి పాలనకి వెళ్ళే దారిలో ఇంతకన్నా బలమైన పునాది లేదు. కారణం చాలా మామూలుది. చికిత్స పరిశోధకుడికి సామాజిక సైకాలజిస్టుతో పనుండదు. పద్ధతుల మనిషితో మాత్రం అందరికీ పనుంటుంది. ఆవిడ రచనల్లో శూన్య పరికల్పన పరీక్షల ("తేడా ఏమీ లేదు" అనుకుని మొదలుపెట్టే గణాంక పరీక్షల) మీద వివాదం ఉంది, కొలమానాలని (మానసిక లక్షణాలు కొలిచే ప్రశ్నపత్రాలని) బాస్క్ భాషలోకి తేవడం ఉంది, సంరక్షణ గృహాల్లో ఉండే కౌమార వయస్కులకు జంతువుల సాయంతో చేసే చికిత్స ప్రభావం కూడా ఉంది. పైకి చూస్తే పొంతన లేని విషయాలు. అన్నిటి అడుగునా ఉన్నది ఒకటే ప్రశ్న: ఈ కొలత నిజంగా కొలుస్తోందా, ఈ పోలిక న్యాయమైనదేనా?

సంరక్షణ గృహాల ఉదాహరణే తీసుకోండి. అలాంటి చోట పిల్లల్ని చీటీ వేసి రెండు గుంపులు చెయ్యడం చాలాసార్లు కుదరదు. ఎవరు ఏ గృహంలో ఉన్నారో దాన్నిబట్టే గుంపులు ఏర్పడతాయి. మొదటి కొలతలోనే రెండు గుంపులకీ తేడా ఉంటుంది. "మొదటి స్కోరుని కోవేరియెట్‌గా పెట్టేస్తే సరి", అంటే ఆ తేడాని లెక్కలో సవరించేస్తే సరి అంటారు కొత్తవాళ్ళు. మొదటి కొలతలో దోషం ఉంటే ఆ సవరణ కూడా సగమే అవుతుంది, మిగతా సగం చికిత్స ఫలితంలా కనిపిస్తుంది. ఇది పట్టుకోగలిగిన మనిషిని ప్రతి పరిశోధన బృందమూ పిలుస్తుంది. అలా పదిహేనేళ్ళలో ఫ్యాకల్టీ అంతా, పక్క ఫ్యాకల్టీలూ పరిచయమైపోతాయి.

కొలమానాల అనువాదం సంగతి కొంచెం దగ్గరగా చూపిస్తాను. ఒక తెలుగు మనిషిగా మీకు అక్కడ తేలిగ్గా చొరబడే చోటు అదే.

బాస్క్‌లో మానసిక పరీక్షలు తక్కువ. స్పానిష్‌లో ఉన్నవాటిని అలా తర్జుమా చేస్తే సరిపోదు. అంతర్జాతీయ పరీక్షల సంఘం మార్గదర్శకాల రెండో కూర్పులో 18 సూత్రాలున్నాయి. ఆచరణలో అది ఇలా నడుస్తుంది. ముందు హక్కుదారు అనుమతి, రాతపూర్వకంగా. తరవాత ఇద్దరు అనువాదకులు ఒకరికొకరు చూపించుకోకుండా బాస్క్‌లోకి మార్చాలి. మూలం ఇంగ్లిష్ అయితే ఇంగ్లిష్ నుంచే. స్పానిష్ అనువాదం మీదుగా వెళ్తే అందులోని తప్పులు కూడా వలస వస్తాయి. రెంటినీ కలిపి ఒకటి చేసి, మూలం ఎరగని మరొకరితో వెనక్కి అనువదింపజేయాలి. తేడాలన్నీ ఒక కమిటీ ముందు పెట్టాలి: భాషావేత్త, విషయ నిపుణుడు, గణాంకాల మనిషి, ఆ వయసు పిల్లలకి పాఠం చెప్పే టీచరు. టీచర్ని వదిలేస్తారు చాలామంది. చివరికి పిల్లలకి అర్థం కాని మాటలు ఎన్నో ఆ ఒక్కరే చెప్పగలరు.

ఒక వాక్యం చూద్దాం: "నేను అలసిపోయాను." స్పానిష్‌లో మగవాడు "కన్సాదో" అనాలి, ఆడమనిషి "కన్సాదా" అనాలి. ప్రశ్నపత్రంలో గీత పెట్టి రెండూ రాయాలి. బాస్క్‌లో ఎవరైనా "నెకతుతా నాగో". లింగభేదమే లేదు. మన తెలుగులోనూ "అలసిపోయాను"కి లింగం లేదు. ఇప్పుడు టీచర్ ఒక పిల్లవాడి గురించి నింపే పత్రం తీసుకోండి. బాస్క్‌లో "ఉరా" అంటే అతడూ అదే, ఆమే అదే. తెలుగులో "అలసిపోతాడు", "అలసిపోతుంది" అని రెండు పత్రాలు కావాలి, లేదా వాక్యం తిప్పి రాయాలి. బాస్క్ అనుభవాన్ని గుడ్డిగా తెలుగుకి తెస్తే దెబ్బ తగిలేది ఇక్కడే.

వ్యతిరేక వాక్యాలు ఇంకో గొడవ. "నాకు భయం వేయదు" అని ప్రశ్న, "ఎప్పుడూ కాదు" అని జవాబు పెట్టె. బాస్క్‌లోనూ ఇదే తికమక: ప్రశ్నలో "ఎస్" అంటే లేదు, జవాబులో "ఇనోయ్స్ ఎస్" అంటే ఎప్పుడూ లేదు. పన్నెండేళ్ళ పిల్లలు చాలామంది తలకిందులుగా నింపుతారు. ఫలితాల్లో ఆ వాక్యాలన్నీ విడిగా ఒక కారకంగా (ఒకే లక్షణాన్ని కొలిచే గుంపులా) గుమిగూడతాయి. పరిశోధకుడేమో కొత్త మానసిక లక్షణం కనిపెట్టానని సంబరపడతాడు. పరిష్కారం: వాక్యాన్ని "నేను ధైర్యంగా ఉంటాను" అని సానుకూలంగా మార్చడం. అలా మార్చినట్టు నివేదికలో రాయడం కూడా.

మాండలికం సంగతీ ఉంది. 1968 నుంచి రూపుదిద్దుకున్న ప్రామాణిక బాస్క్‌ని "బతువా" అంటారు. బడి అందులోనే నడుస్తుంది. పక్క ప్రావిన్సు బిజ్కాయా పల్లెల్లో ఇంటి మాట వేరు. శ్రీకాకుళం పిల్లవాడికి పాఠ్యపుస్తకం తెలుగు ఎలాగో అలాగే. దానికి తోడు బాస్క్ మాధ్యమం బడి (అక్కడ "డి" నమూనా అంటారు) పిల్లల్లో ఇంట్లో స్పానిష్ మాట్లాడేవారూ ఉంటారు. కాబట్టి పత్రం మొదట్లోనే ఇంటి భాష అడగండి. అడగకపోతే తరవాత ఏ గణాంకమూ ఆ లోటు పూడ్చదు.

లెక్కలు స్థూలంగా: మాట్లాడిస్తూ నింపించే ఇంటర్వ్యూలు 8 నుంచి 12. చిన్న ప్రయోగం 30 నుంచి 50 మందితో. ఇరవై ప్రశ్నల పత్రానికి అసలు నమూనా 300 ఉంటే ఊపిరి పీల్చుకోవచ్చు. సగంతో నిర్మాణం వెతికి మిగతా సగంతో నిర్ధారించాలంటే 600 కావాలి. అంతర్గత స్థిరత్వం (ప్రశ్నలన్నీ ఒకదానితో ఒకటి ఎంత పొసుగుతున్నాయో చెప్పే అంకె) 0.70 దాటితే పరిశోధనకి సరే, ఒక్కో మనిషి గురించి నిర్ణయానికి అది చాలదు. రెండు భాషల పత్రాలూ సమానమని చెప్పాలంటే కొలత సమానత్వం మూడు అంచెల్లో చూపాలి, ఒక్కో అంచెకి సీఎఫ్ఐ (మోడల్ డేటాకి ఎంత సరిపోతోందో చెప్పే సూచిక) తగ్గుదల 0.01 దాటకూడదు. బాస్క్ మాట్లాడే పెద్దలు దాదాపు అందరూ స్పానిష్ కూడా వచ్చినవారే కాబట్టి, ఒకే మనిషితో కొన్ని వారాల తేడాతో రెండు పత్రాలూ నింపించవచ్చు. సగం మందికి వరస తిప్పండి.

ఇదంతా మొదలవడానికి ముందే యూనివర్సిటీ మానవ పరిశోధనల నైతిక కమిటీ ఆమోదం కావాలి, తల్లిదండ్రుల సంతకాలు కావాలి. శరత్కాలంలో బడుల్లో సేకరించాలంటే వసంతంలోనే కమిటీకి వెళ్ళండి. జూన్‌లో వెళ్తే బడులు మూస్తారు, ఆగస్టులో ఊరే మూసేస్తారు. మొదటి వ్యాసానికి పద్దెనిమిది నెలలు, రెండేళ్ళు పెట్టుకోండి.

భాష. బాస్క్ యూనివర్సిటీలో ఎన్నో పోస్టులకి ద్విభాషా షరతు ఉంటుంది. కావలసింది సీ1 స్థాయి (యూరప్ భాషా మెట్లలో ఉన్నత స్థాయి). పెద్దలకి బాస్క్ నేర్పే బడుల్ని ఎవుస్కల్తెగీ అంటారు, చాలా ఊళ్ళలో ఉంటాయి. సాయంత్రం బ్యాచ్‌లతో సున్నా నుంచి సీ1కి నాలుగైదేళ్ళు పట్టినా ఆశ్చర్యం లేదు. వ్యాకరణం మనకి మరీ పరాయిదిగా అనిపించదు. అది ద్రావిడ భాష కాకపోయినా, క్రియ వాక్యం చివరకి రావడం, నామానికి విభక్తులు అతుక్కోవడం మన చెవికి అలవాటైన సంగతులే. కష్టం క్రియ దగ్గర: కర్త, కర్మ, ఎవరికి అన్నవి మూడూ ఒకే సహాయక క్రియలో దూరతాయి. ముందు స్పానిష్ బీ2 (సీ1కి కింది మెట్టు) తెచ్చుకుని తరవాత బాస్క్ మొదలుపెడదామని చాలామంది అనుకుంటారు. రెండో ఏడాదికల్లా రెండూ కలిపి నడపడమే మేలు. ఆలస్యమైతే స్పానిష్‌తో పని జరిగిపోతుంది, బాస్క్ ఇక రాదు.

ఇంగ్లిష్‌తోనే బతకాలంటే డొనోస్టియాలో ఇంకో తలుపుంది: జ్ఞానం, మెదడు, భాషల మీద పనిచేసే బాస్క్ పరిశోధన కేంద్రం, బీసీబీఎల్. మిరామోన్ సాంకేతిక పార్కులో ఉంటుంది, లోపల పని భాష ఇంగ్లిషే. ద్విభాషల మీద ఆసక్తి ఉంటే చక్కటి చోటు. కానీ అది యూనివర్సిటీ కాదు, అక్కడి నుంచి రెక్టర్ దారి సూటిగా వెళ్ళదు.

ఎన్నిక లెక్క. ఒక మనిషికి ఒక ఓటే, బరువులు మాత్రం వేరు. శాశ్వత డాక్టరేట్ అధ్యాపకుల వర్గానికి కనీసం 51 శాతం బరువు ఉండాలని 2023 చట్టం. మిగతాది ఇతర అధ్యాపక-పరిశోధకులు, విద్యార్థులు, బోధనేతర సిబ్బంది పంచుకుంటారు. పంపకం యూనివర్సిటీ నియమావళిని బట్టి ఉంటుంది. అర్థం కావడానికి ఊహించిన అంకెలు చెప్తాను, ఇవి అసలు ఫలితాలు కావు. శాశ్వత అధ్యాపకులకి 55 శాతం, విద్యార్థులకి 25 శాతం అనుకోండి. అధ్యాపకులు 2,000 మంది, విద్యార్థులు 4,000 మంది ఓటేశారు. ఒక అధ్యాపకుడి ఓటు సుమారు నాలుగున్నర మంది విద్యార్థుల ఓట్లకి సమానం. విద్యార్థులు 8,000 మంది వస్తే ఒక్కొక్కరి ఓటు బరువు సగమవుతుంది, వర్గం బరువు మాత్రం అలాగే 25 శాతం. మీరు విద్యార్థుల్లో 60-40తో గెలిస్తే ఐదు పాయింట్లు ముందుంటారు. అదే సమయంలో అధ్యాపకుల్లో 45-55తో ఓడితే ఐదున్నర పోతుంది. అంటే విద్యార్థుల్లో ప్రభంజనం వచ్చినా, సహోద్యోగుల్లో చిన్న అసంతృప్తి దాన్ని మింగేస్తుంది. ప్రచారమంతా సోషల్ మీడియాలో పెట్టి, డిపార్ట్‌మెంట్ గదుల్లో టీ తాగని అభ్యర్థి ఓడేది ఇందుకే.

అర్హతలు కూడా మారాయి. బయువేర్కా ఎన్నికైన కాలంలో ఫుల్ ప్రొఫెసర్ అయి తీరాలి. 2023 చట్టం ఆ షరతు తీసేసి, పరిశోధన, బోధన, పాలనానుభవం కనీసం ఎంత ఉండాలో నియమావళికే వదిలింది. పదవీకాలం మాత్రం పొడిగింపు లేని ఆరేళ్ళు చేసింది. ఇదివరకు నాలుగేళ్ళు, మళ్ళీ ఒకసారి పోటీ చేయవచ్చు. ఈ మార్పుని మెచ్చుకునేవారున్నారు. నాకైతే సందేహమే. రెండోసారి ఓటడగాల్సిన అవసరం లేని రెక్టర్‌కి చివరి రెండేళ్ళు ఎవరు అడ్డు?

పాలనానుభవం అంటే ఉన్నట్టుండి వచ్చేది కాదు. డిగ్రీ సమన్వయకర్త, డిపార్ట్‌మెంట్ కార్యదర్శి, వైస్ డీన్, డీన్, వైస్ రెక్టర్, ఇలా పోగవుతుంది. నా సలహా: మూడో సెక్సేనియో చేతిలో పడేదాకా డీన్ స్థాయి పదవి ఒప్పుకోవద్దు. చిన్న పదవులు పరవాలేదు. ముప్పై ఎనిమిదేళ్ళకే వైస్ డీన్ అయి, బోధన మినహాయింపు వచ్చిందని సంతోషించి, ఆరేళ్ళలో ఐదు మంచి రచనలు లేక ముక్క పోగొట్టుకుని, పై గుర్తింపు ఆగిపోయినవారు ప్రతి ఫ్యాకల్టీలో కనిపిస్తారు. పదవిలోకి వెళ్ళేలోపు డేటా సేకరణ పూర్తయిన రెండు ప్రాజెక్టులు, వాటిని నడపగల ఇద్దరు జూనియర్లు ఉండాలి. పదవిలో ఉన్నప్పుడు రాతలు చూడవచ్చు, సేకరణ మాత్రం చేయలేరు.

రెక్టర్ పని ఎలా ఉంటుందంటే, సుమారు 40 వేల మంది విద్యార్థులు, మూడు ప్రావిన్సుల్లో మూడు క్యాంపస్‌లు. రెక్టర్ కార్యాలయం బిల్బావో పక్కన లెయోవాలో, సైకాలజీ ఫ్యాకల్టీ డొనోస్టియాలో, మధ్యలో ఇంచుమించు వంద కిలోమీటర్లు. ప్రతి కొత్త కోర్సుకీ "ఏ ప్రావిన్సులో?" అన్న తగవు. డబ్బులో పెద్ద భాగం బాస్క్ ప్రభుత్వం నుంచి నాలుగేళ్ళ ప్రణాళిక మీద వస్తుంది, కాబట్టి ఆ బేరసారాలు జరిగే ఏడాది మిగతావన్నీ పక్కకి పోతాయి. ఇవి చాలవన్నట్టు బయువేర్కా హయాం చివరి ఏడాదిలో, 2020 మార్చిలో, కోవిడ్‌తో తరగతులన్నీ ఆన్‌లైన్‌కి మారాయి. అక్కడ పదవి అయిపోయాక రెక్టర్ మళ్ళీ అధ్యాపకుడే. తన ఫ్యాకల్టీకి తిరిగొచ్చి పాఠం చెప్పుకుంటారు, వ్యాసాలు రాసుకుంటారు. మన దగ్గర మాజీ వీసీ మళ్ళీ టైమ్‌టేబుల్లో కనిపించడం అంత మామూలు కాదు, అక్కడ అదే మామూలు.

ఇక ఈ నెలలో మీరు చేయాల్సింది. పీహెచ్‌డీ ప్రవేశానికి డిగ్రీ సమానత్వ ధ్రువీకరణ అక్కర్లేదు, మీ పట్టా ఇక్కడ డాక్టరేట్‌కి అర్హత ఇస్తుందని చూపితే చాలు. కాబట్టి మీ యూనివర్సిటీ నుంచి ఆ ఒక్క వాక్యంతో, ముద్రతో లెటర్ తీసుకోండి. (రేపు అక్కడ చికిత్సకుడిగా ప్రాక్టీస్ పెట్టాలంటే సమానత్వం తప్పనిసరి. అది వేరే యుద్ధం, ఏళ్ళు పడుతుంది.) పట్టాలు, మార్కుల జాబితాలు ముందు రాష్ట్ర విద్యాశాఖ ధ్రువీకరణకి, తరవాత విదేశాంగ శాఖ అపోస్టిల్‌కి (విదేశాల్లో చెల్లే ధ్రువీకరణ ముద్రకి) వెళ్ళాలి. స్పానిష్ అనువాదం అడిగితే స్పెయిన్ విదేశాంగ శాఖ జాబితాలో ఉన్న ప్రమాణ అనువాదకుడితోనే చేయించాలి. అదీ అపోస్టిల్ అయ్యాకే. ముందు అనువదిస్తే వెనకపేజీలో పడే అపోస్టిల్ ముద్రకి మళ్ళీ విడిగా అనువాదం, మళ్ళీ డబ్బు.

గైడ్‌కి రాసే మొదటి ఈమెయిల్‌లో మీ జీవిత లక్ష్యాలు వద్దు. తెలుగులో ఏ కొలమానం మీద పనిచేశారు, నమూనా ఎంత, ఏ సాఫ్ట్‌వేర్, ఏ వాక్యం తేడా కొట్టింది, ఇవి నాలుగు వరుసల్లో రాయండి. ఆ తేడా కొట్టిన వాక్యం గురించి రాసిన వరుసే వాళ్ళు రెండోసారి చదువుతారు.